మేకుకు మిగిలిన బిళ్ల

...బండయితే తెల్లగా ఉండాలి కదా, అనుకుంది సుసన్నా. పొయ్యి మీద పోపులో ఎండుమిరపకాయలు నల్లబడి పొగ కమ్ముకున్నా ఆమె చేతిలోని గరిటె కదల్లేదు. మే నెల ఎండలో, పదకొండు గంటల వేళ, మట్టిగుట్ట మీది బండ పెనంలా కాలుతుంది. వేడిని చూసే కెమెరాలో కాలేది తెల్లగా, దానికన్నా చల్లనిది నల్లగా కనిపిస్తుంది. ఆ గుట్ట మీద ఆ వేళ చల్లగా ఉండేది ప్రాణమున్నదే. ఈ సంగతి కిందటి నెల ఆఫీసులో కొత్తగా చేరిన జూహీకి తానే నేర్పింది. అయినా మంగళవారం మధ్యాహ్నం ఒంటిగంటకు తానే, ఆఫీసు తెర మీద నల్లగా ముడుచుకొని ఉన్న ఆకారం చుట్టూ పెట్టె గీసి, 'బండ' అన్న మాట మీద నొక్కింది.

ఇవాళ శుక్రవారం. మాడిన పప్పునే డబ్బాలో సర్దుకొని, తాళం వేసి, పక్కింటి గడప వైపు చూడకుండా సందు దాటింది. పక్కిల్లు లస్మవ్వది. మంగళవారం సాయంత్రం ఆరింటికి ఆమెను పాత ఓపెన్‌కాస్టు బొగ్గుగని మట్టిగుట్ట మీది నుంచి ఎత్తుకొచ్చారు. బొగ్గు ఏరుకోవడానికి పోయి వడదెబ్బ తగిలి కూలబడిందట.

దవాఖానలో లస్మవ్వ మంచానికి అతుక్కుపోయినట్టు పడుకొని ఉంది. డెబ్బై ఏళ్ల ఒళ్లు. పగిలిన పెదవులు, గోళ్ల సందుల్లో ఎంత కడిగినా పోని బొగ్గు. సుసన్నా తల్లి చచ్చిపోయిన ఏడాదంతా పొద్దున్నే నీళ్లు కాచి జడ వేసి బడికి పంపిన చేతులవి. గ్యాసు వచ్చి పదేళ్లయినా, "గ్యాసు నీళ్లకు ఒళ్లునొప్పులు పోవు బిడ్డ" అంటూ వారానికోసారి గంపెడు బొగ్గు గడపలో పోసి పోయేది.

"ఎట్లున్నవ్ అవ్వా?"

"మంచిగనే ఉన్న." కళ్లు తెరవకుండానే నవ్వింది. "నెత్తిమీద తుమ్మెద తిరిగినట్టు సప్పుడైంది బిడ్డ. సూస్తే గా చిన్న ఇమానం. సక్కగ నా మీదనే నిలబడ్డది. ఎవలో సూస్తుండ్రు అనుకున్న. లేద్దామంటే కాళ్లు లేస్తలేవు. సుట్టబట్ట ఇప్పి ఊపిన. చానాసేపు ఊపిన."

సుసన్నా మంచం కడ్డీ పట్టుకుంది.

"సూడలేదేమో," అంది లస్మవ్వ.

"సూడలేదేమో అవ్వా."

"పోనియ్యి. వాళ్లకు ఏం పనులుంటయో."

గంప కింద తల మీద పెట్టుకునే చుట్టబట్ట. సుసన్నా దాన్ని మంగళవారం బొమ్మల్లో చూసింది. ఆకారం పక్కన ఏదో రెపరెపలాడింది. గాలికి కొట్టుకుంటున్న ప్లాస్టిక్ కవరు అనుకుంది. కాదు, అనుకోలేదు, అనుకోవడానికి ఒప్పుకుంది. ఈ రెంటికీ మధ్య వెంట్రుకవాసి దూరం ఉంది. మూడు రోజులుగా ఆమె ఆ దూరం మీదనే నడుస్తోంది.

లక్ష్మీనగర్‌లో సెల్‌ఫోన్ల దుకాణం మీది అంతస్తు ఆ ఆఫీసు. ఎనిమిది కంప్యూటర్లు, రెండు ఫ్యాన్లు. పట్నంలో ఒక కంపెనీ సైన్యం కోసం డ్రోన్లు తయారుచేస్తోంది. ఆ డ్రోన్లను పాత ఓపెన్‌కాస్టు మీద ఎగరేసి చూస్తారు. అవి తీసిన బొమ్మలు గంటా రెండు గంటల్లో ఇక్కడికి వస్తాయి. ఒక్కో బొమ్మలో కనబడిన ప్రతిదాని చుట్టూ పెట్టె గీసి పేరు పెట్టాలి. మనిషి, పశువు, బండి, చెట్టు, బండ. వీళ్లు పెట్టిన పేర్లనే యంత్రం నేర్చుకుంటుంది. "మిషన్‌కు కళ్లుంటాయి, చూపు మీరివ్వాలి" అని మొదటిరోజు పట్నం నుంచి వచ్చినాయన చెప్పాడు. చూపు వచ్చాక అది ఏం చేస్తుందని ఎవరూ అడగలేదు. పద్దెనిమిదేళ్లు పాఠాలు చెప్పిన ప్రైవేటు బడి మూతపడ్డాక, నలభై ఒకటో ఏట దొరికిన కుర్చీ అది. సుసన్నా కూడా అడగలేదు.

బుధవారం నుంచీ మాత్రం ఆ అడగని ప్రశ్ననే అడ్డం పెట్టుకుంది. మనిషి అని తెలిస్తే యంత్రం గురిపెడుతుంది, బండ మీద ఎవరూ గురిపెట్టరు. బండ అనడమే మేలు చేసినట్టు కదా! ఈ మాట మనసులో అనుకున్న ప్రతిసారీ చెవులు వేడెక్కేవి. తనకు తాను చెప్పుకునే అబద్ధానికి కూడా సిగ్గుపడే చెవులు.

"సుసన్నక్కా, యాదికుందా?" గది మధ్యలో నిలబడి అరిచాడు వేణుమాధవ్. ఇరవై ఆరేళ్ల వాడు, వీళ్ల మీద పెద్ద. "ఆరింటికి ఈ వారం ఫైళ్లన్నీ పట్నం పోతయ్. అటెన్క దేవుడు దిగొచ్చినా మార్చరాదు."

"యాదికుంది," అంది సుసన్నా.

వాడు చెడ్డవాడు కాదు. తెరమీద 'అనుమానం' అని ఒక మీట ఉంటుంది. అది నొక్కితే ఆ బొమ్మ వాడి దగ్గరికి పోతుంది. వాడు పెద్దది చేసి చూసి, అవసరమైతే గుట్ట దగ్గరున్న డ్రోన్ల వాళ్లకు ఫోన్ చేస్తాడు. కాకపోతే చూసింది చూసినట్టు గట్టిగా చెబుతాడు. సోమవారం సుసన్నా అనుమానపడ్డది మోదుగు చెట్టని తేలింది.

"అక్కకు చెట్టు గూడ చుట్టమే! పండుగకు పిలిచి చీర పెట్టక్కా!"

అందరూ నవ్వారు. జూహీ నోటికి చున్నీ అడ్డం పెట్టుకొని నవ్వింది. సుసన్నా కూడా నవ్వింది. మర్నాడు ఒంటిగంటకు వేలు అనుమానం మీట దాకా వెళ్లి, ఆ నవ్వు గుర్తొచ్చి, పక్కకు జరిగింది. అంతే. ఒంటిగంట నుంచి ఆరింటి దాకా, ఐదు గంటలు, ఆ నవ్వు ఖరీదు.

పొద్దుటి నుంచి మూడుసార్లు ఆ మంగళవారం ఫైలు తెరిచి మూసింది. మధ్యాహ్నం డబ్బా మూత తీస్తే మాడు వాసన వచ్చింది. మూసేసింది. కిటికీ కింద గని షిఫ్టు దిగిన వాళ్ల మోటారుసైకిళ్లు పోతున్నాయి. తండ్రి తీతు గుర్తొచ్చాడు.

ముప్ఫై ఏళ్లు ఆయన బొగ్గు బాయి మీద, దీపాలిచ్చే ల్యాంప్‌రూంలో పనిచేశాడు. లోపలికి దిగేవాడు తన నంబరున్న ఇత్తడి బిళ్ల మేకుకు తగిలించి దీపం తీసుకుంటాడు. పైకొచ్చాక దీపం ఇచ్చి బిళ్ల తీసుకుంటాడు. షిఫ్టు దిగాక మేకుకు బిళ్ల మిగిలిందంటే మనిషి ఇంకా భూమిలో ఉన్నట్టు. ఒక్క బిళ్ల మిగిలినా తీతు కదిలేవాడు కాదు. "నీకు బువ్వ కన్నా బిళ్లనే ఎక్కువ" అని తల్లి దెప్పేది. ఒకసారి రాయమల్లు అనే ఆయన బిళ్ల మిగిలింది. తీతు గోలచేసి నలుగురిని మళ్లీ లోపలికి దింపాడు. రెండు గంటలు వెతికారు. తీరా చూస్తే రాయమల్లు నడుముకు దీపంతో, నెత్తిన టోపీతో కల్లు కాంపౌండులో కూర్చొని ఉన్నాడు. ఏడాది పాటు బాయి బాయంతా తీతును చూసి నవ్వింది. 'కల్లు కాంపౌండుల గూడ మేకు కొట్టియ్యి తీతన్నా' అనేవాళ్లు.

"నీకు సిగ్గనిపిస్తలేదా నాయినా?" అని పన్నెండేళ్ల సుసన్నా అడిగింది.

ఆయన చేతిలోని ముద్ద నోట్లో పెట్టుకొని నమిలి మింగాక అన్నాడు: "నవ్వనియ్యి. మనిషి లోపల లేడని తేలింది గద."

నాలుగున్నరకు ఫోను మోగింది. వీధిలో ఎదురింటి షహనాజ్, దవాఖాన నుంచి.

"అక్కా, జల్ది రా..." అని ఆగింది. ఎవరో పళ్లెం కింద పెట్టిన చప్పుడు. "జల్ది ఏం లేదు తియ్యి. లస్మవ్వ పోయింది. నిద్రలనే పోయింది, పక్కనున్న నాకే తెల్వలే. ఫికర్ చెయ్యకు, మెల్లగ రా."

సుసన్నా ఫోను బోర్లా పెట్టింది. వెంటనే లేవలేదు. ఇక చెప్పినా వినే మనిషి లేదు. చెప్పకపోతే తెలిసే మనిషీ లేదు. ఆ ఆలోచన వెనకే, చాలా సన్నగా, తేలికపడినట్టు అనిపించింది. తప్పించుకున్నానన్న తేలిక. దాన్ని గుర్తుపట్టిన క్షణంలో ఆమెకు కలిగిన సిగ్గు మూడు రోజుల సిగ్గులా లేదు.

ఫైలు తెరిచింది. రెండువందల పన్నెండు బొమ్మలు. ఒక్కొక్కటి సరిచేస్తూ పోయింది. 'బండ' తీసేసి 'మనిషి'. మళ్లీ 'బండ' తీసేసి 'మనిషి'. చెయ్యెత్తి ఉన్న బొమ్మలు వచ్చాక పాత పెట్టె చాలలేదు. కొంచెం ఎత్తుగా, ఊపుతున్న చెయ్యి కూడా లోపల పట్టేలా, కొత్తది గీయవలసివచ్చింది.

"అక్కా, పంపుతున్న," అన్నాడు వేణుమాధవ్. గోడ గడియారంలో ఆరుకు మూడు నిమిషాలు తక్కువ.

"ఆగు తమ్మీ."

"ఏందక్కా, మళ్ల చెట్టా?"

ఎవరో కిసుక్కుమన్నారు. సుసన్నా లేచి నిలబడింది. గొంతు ఆమె అనుకున్నదానికన్నా గట్టిగా వచ్చింది.

"ఒక బిళ్ల మిగిలింది."

వేణుమాధవ్ తండ్రి కూడా బాయి మనిషే. వాడి చెయ్యి మౌసు మీది నుంచి దానంతటదే లేచింది. గదిలో ఎవరూ నవ్వలేదు.

"మంగళారం నేను బండ అని పెట్టింది మా లస్మవ్వ. అప్పటికి పానం ఉన్నది. చెయ్యి ఊపుతున్నది. నాకు అనుమానం వచ్చింది, మీరు నవ్వుతరని నొక్కలే."

కూర్చొని మిగిలిన బొమ్మలు అందుకుంది. వాడు వచ్చి వెనక నిలబడ్డాడు. గడియారం వైపు చూడలేదు. ఆఖరి బొమ్మలో చెయ్యి దిగిపోయి ఉంది. ఆమె ముడుచుకున్న ఒంటి చుట్టూ పెట్టె గీసి, 'మనిషి' అన్న మాట మీద నొక్కింది. పెట్టెకు కాస్త అవతల, చేతిలోంచి జారిన చుట్టబట్ట మట్టి మీద పడి ఉంది, ఒక కొస ఇంకా గాలికి లేచి.