కడిగిన రీలు

బావ చెయ్యి పడితే ఎంత పాత సినిమా రీలైనా కొత్తదైపోతుందని పేరు. ముప్పై ఏళ్ళుగా ల్యాబులో ఆయనకు అదే పని: బూజు తుడవడం, గీతలు పోగొట్టడం, పాటల వెనక గరగర తీసేయడం. అంతటి పనిమంతుడి చేతిలో తన రీళ్ళు పెట్టినందుకు మరదలికి తన చెంప తానే వాయించుకోవాలనిపించింది.

ఆమె ఇచ్చింది బొమ్మలేవీ తీయని ఖాళీ రీళ్ళు. పదకొండు నెలలు వాటిని వాగులో రాళ్ళ కింద నానబెట్టింది. పాచి పట్టింది, ఇసుక గీసింది, నత్తలు పాకాయి. ఆ మరకలే ఆమె సినిమా. గట్టున మైకు పెట్టి పట్టిన నీటి హోరే దాని పాట. ఆ వాగు ఇప్పుడు లేదు. రోడ్డు వెడల్పు చేస్తూ దాన్ని పైపులోకి తోసి పైన సిమెంటు పోశారు. ఎల్లుండి ప్రదర్శన. తెగిన చోట్ల అతికించి, చప్పుడు జతచేసి ఇమ్మని మాత్రమే బావను అడిగింది.

ఆయన అంతటితో ఊరుకుంటేగా. నెల రోజులు కూర్చుని, చంటిపిల్లకు స్నానం చేయించినట్టు రీళ్ళన్నీ కడిగాడు. హోరంతా తీసేసి, మిగిలినదాన్ని పాతది చెరిగిపోయేలా అదే టేపు మీద ఎక్కించాడు. మిగిలినవి గట్టున కూర్చున్న మరదలి తుమ్ములు రెండు.

రీలును కిటికీ వెలుతురుకు పట్టి చూడగానే ఆమెకు అరికాలి మంట నెత్తికెక్కింది. అక్క అడ్డొచ్చింది. మరకలు కావాలని ముందే చెప్పొద్దా అంది, మనిషి కళ్ళు పోగొట్టుకుని చేశాడంది. చెప్పాలని చెల్లెలికి తోచనే లేదు. తోచనందుకు తన మీద కూడా ఒళ్ళు మండింది.

బావ మాత్రం నెమ్మదిగా అన్నాడు. "కింద బొమ్మ ఉంటుందనుకున్నానమ్మా. కనబడలేదని ఇంకా కడిగాను."

జాలిపడాల్సిన మాటే. ఆమె పడలేదు. ల్యాబులోని ప్రొజెక్టరుకు రీలు ఎక్కించి, ఆయన్ని కుర్చీలో కూర్చోబెట్టి, లైట్లు ఆర్పింది. గోడ మీద ఉత్త తెల్లటి వెలుగు. ఐదో నిమిషంలో తుమ్ము వినబడితే అక్కకు నవ్వొచ్చింది, చెల్లెలి ముఖం చూసి మింగేసింది. పదో నిమిషంలో బావ లేవబోయాడు.

"కూర్చోండి. మీ పనే ఇది. మొత్తం చూడండి."

కూర్చున్నాడు. నలభై నిమిషాలకు రీలు అయిపోయి కొస పటపటా కొట్టుకునేదాకా కదల్లేదు. అప్పుడు గోడవైపే చూస్తూ, ఇంకో వాగు వెతుకుదామన్నాడు. తానే కారులో తీసుకెళ్తానన్నాడు.

"ఆ వాగును చెవిపెట్టి విన్నది మనిద్దరమే బావా. రోజూ దాని పక్కనుంచి పోయినవాళ్ళెవరూ వినలేదు. మీరు నెల రోజులు విన్నారు. విని విని తుడిచేశారు."

బావ నోరు తెరిచాడు. ఆ చప్పుడు ఎలా ఉండేదో నోటితో పలికి చూపించబోయి, రాక ఆగిపోయాడు. ఆమె ఆయన ముఖమే చూస్తూ నిలబడింది. సాయం చేయలేదు.