వీరభద్రం గారి నవంబర్

శ్యామల పొద్దున్నే రెయిన్‌కోటు వేసుకుని ఉప్మా చేసుకుంటుంది. బాణలి మీద మూత తియ్యదు. తిని, సీట్రెయిన్ అనే సిటీ రైలెక్కి, కమ్యూనిటీ సెంటర్‌లో పిల్లలకి బొమ్మలు నేర్పడానికి వెళ్తుంది. రైల్లో ఆమె మీద సన్నటి జల్లు పడుతుంటే పక్కవాళ్లు బ్యాగులు కాస్త అవతలికి జరుపుకుంటారు, అంతే. కాల్గరీలో ఎవరి తడి వాళ్లది.

ఆమె గీసిన నేల మీద ఏ కాలం ఉంటే, ఆ బొమ్మ కింద ఎవరి పేరుంటే, ఆ కాలం ఆ మనిషిని పట్టుకుని ఉంటుంది. బొమ్మలు ఎన్నున్నా వాటిలో పెద్దదాని మాటే చెల్లుతుంది. ఇది ఆమెకు పుట్టుకతో వచ్చింది. అమెరికాలో, నెబ్రాస్కాలో పుట్టింది. ఏడేళ్లప్పుడు క్యాలెండర్ వెనక మొక్కజొన్న చేను గీసి పేరు రాసుకుంటే, కాలేజీలో మట్టి శాస్త్రం చెప్పే తండ్రి ఆంజనేయులు జనవరి అంతా కుర్చీ ఆమె పక్కకి లాక్కుని ఎండలో పేపర్ చదువుకునేవాడు.

బొమ్మలు నేర్చుకోవడానికే ఆమె సరిహద్దు దాటి కెనడాలో రెజైనాకి వచ్చింది. అక్కడ వీరభద్రం గారు పాఠం చెప్పేవారు. పాతికేళ్ల వయసులో ఆమె ఏడడుగుల కాన్వాసు మీద జూలై నెల కనోలా పొలం గీసింది, మన ఆవచేనులాగే విరగపూసిన పసుపు. ఆయన దాని ముందు చాలాసేపు నిలబడ్డారు.

"ఇంత పెద్ద బొమ్మ కింద నీ పేరు ఎవరు చదువుతారమ్మా? నా పేరుతో వెళ్తే గోడ దొరుకుతుంది. నువ్వు ఈ దేశంలో ఉండిపోవడానికి పీఆర్ లెటర్ సంగతి నేను చూసుకుంటాను."

ఆమె స్టడీ పర్మిట్ ముగియడానికి మూడు వారాలే ఉంది. ఆమె పక్కకి జరిగింది. ఆయన బ్రష్ తీసుకుని తన పేరు రాసుకున్నారు. ఆమె భుజాల మీది ఎండ లేచి వెళ్లి ఆయన భుజాల మీద కూర్చుంది. చిన్నప్పటి క్యాలెండర్ ఎప్పుడో చిరిగిపోయింది; ఆ ఫిబ్రవరిలో ఆమె వణుక్కుంటూ మెట్లు దిగింది.

ఆ పొలం ఆయన్ని గొప్పవాణ్ణి చేసింది. చలికాలమంతా ఆయన పొట్టి చేతుల చొక్కాలో తిరిగేవారు. భార్య సరోజన ఆయన కుర్చీ పక్కన దుప్పటి పరిచి వడియాలు ఎండబెట్టుకునేది.

శ్యామల కాల్గరీకి వచ్చేసింది. తర్వాత ఆమె చేతికి ఎండ రాలేదు. కోత అయిపోయిన చేలు, ముసురు పట్టిన కొండలు చిన్న చిన్న అట్టల మీద గీసింది. ముసురే ఆమెకు దక్కింది. నాలుగు ఊళ్లలో ప్రదర్శనలు పెట్టింది. ఒక పత్రిక మెచ్చుకుంటూనే రాసింది: "వీరభద్రం శిష్యురాలు. గురువు చెయ్యి ఇంకా వదల్లేదు." ఆ ముక్క కత్తిరించి రంగులపెట్టె మూత లోపల అంటించింది. రోజూ అది చదివాకే రంగు కలిపేది. ఇరవై నాలుగేళ్లు అలా చదివింది.

ఒక అక్టోబర్లో ఆయన ఫోన్ చేశారు. కాల్గరీలో ఆయన జీవితకాలపు బొమ్మలన్నీ పెడుతున్నారు. ట్రక్కులో పొలం బొమ్మకి ఆకాశం జానెడు చిరిగింది.

"ఆ ఆకాశం నీకు తెలిసిందే కదమ్మా. ఒకసారి వచ్చి సరిచేసి పో."

"వస్తాను సర్," అంది.

హాల్లో ఆయన కుర్చీలో కూర్చుని, తన ఎండలో తను కునుకు తీశారు. ఆమె వెనకనుంచి గుడ్డ అతికించి, చిరుగు పూడ్చి, బూడిదరంగు కలిపింది. చిరుగు దగ్గర ఆగలేదు. ఆకాశమంతా మూసింది. పువ్వుల మీద మంచు దించింది. సాయంత్రానికి పొలంలో ఎండిన కాడల మొనలు మాత్రమే మిగిలాయి. చేతులు నొప్పి పుట్టినా ఆమెకు హాయిగా ఉంది. అన్నేళ్లలో అంత బాగా ఎప్పుడూ గీయలేదని ఆమెకే తెలుస్తోంది.

కనురెప్ప మీద చల్లగా తగిలి ఆయన లేచారు.

"ఏంటమ్మా ఇది?"

"నవంబర్ సర్. మీ పేరు మాత్రం తాకలేదు, చూసుకోండి."

శనివారం ప్రారంభానికి ఆయన పార్కా, ఆ మందపాటి చలికోటు, వేసుకుని వచ్చారు. భుజాల మీద మంచు పేరుకుంటోంది. అతిథులు గ్లవ్స్ తొడుక్కుని కరచాలనం చేశారు. ఆయన పనిలో ఇదే గొప్పదన్నారు. నీలం పెదవులతో ఆయన అందరికీ థ్యాంక్స్ చెప్పారు. శ్యామల మూల నిలబడి రెండు సమోసాలు తిని వెళ్లిపోయింది.

మూడు వారాలకి సరోజన ఫోన్ చేసింది. "రజాయి మీద మంచు దులపలేక చస్తున్నానమ్మా. ఆయన వేళ్లు రెండు నల్లబడ్డాయి. దాన్ని తుడిచెయ్."

"నా చేతిలో లేదు ఆంటీ."

అవతల రజాయి దులిపిన చప్పుడు.

"పేరేనా?"

"పేరే."

"నాకు మొదట్నుంచీ తెలుసు," అంది సరోజన. "వడియాలు ఎండుతున్నాయి కదా అని ఊరుకున్నాను."

ప్రదర్శన చివరి రోజు సరోజనే ఆయన్ని చెయ్యి పట్టుకుని తీసుకొచ్చింది. హాలు నిండా జనం. శ్యామల బొమ్మ పక్కన నిలబడి ఉంది.

"ఇద్దరి పేర్లూ పెడదామమ్మా," అన్నారు వీరభద్రం గారు మెల్లగా.

"వద్దు సర్."

"కింద చిన్నగా అయినా..."

ఆమె రంగు గీకే కత్తి ఆయన చేతికిచ్చింది. ఆయన గీకడం మొదలెట్టారు. హాలు చూసుకునే ఆవిడ పరుగెత్తుకొచ్చి ఏమైందని అడిగింది. ఆయన గొణిగారు.

"వినపడలేదు సర్," అంది శ్యామల.

"ఇది నేను వేసింది కాదు," అన్నారు ఆయన, ఈసారి గోడల దాకా వినపడేట్టు.

ఆఖరి అక్షరం రాలగానే ఆయన మీద మంచు ఆగింది. కనుబొమల నుంచి నీళ్లు కారాయి. ఎండ మాత్రం తిరిగి రాలేదు. పార్కా బరువుకి వంగిపోయిన డెబ్బై ఎనిమిదేళ్ల మనిషి మిగిలారు. సరోజన ఆయన్ని బెంచీ మీద కూర్చోబెట్టింది. శ్యామల తనకి జాలి వస్తుందేమోనని చూసుకుంది. రాలేదు.

సన్న బ్రష్ తీసుకుని ఆ ఖాళీలో తన పేరు రాసింది. చివరి గీత పూర్తవుతూనే జల్లు ఆగి, మంచు ముద్దలు ముద్దలుగా ఆమె మీద దిగింది.

"జూలైకి మార్చేసుకోమ్మా," అన్నారు ఆయన బెంచీ మీంచి. "నీ చేతిలో పనే కదా."

"ఇది బాగా వచ్చింది సర్. దీన్ని ముట్టుకోను."

చీలమండల దాకా మంచులో ఆమె నిలబడే ఉంది. పత్రిక నుంచి నోట్‌బుక్ పట్టుకుని వచ్చిన ఒకావిడ ముందుకొచ్చి పేరు అడిగింది. శ్యామల ఒక్కో అక్షరమే చెప్పింది. ఆవిడ కాగితం మీద మంచు దులుపుకుంటూ రాసుకుంది.