అద్దాల్లేని కళ్లజోడు

నేను ఒక కళ్లజోడును. అలాగని నాలోంచి ఎవరైనా ఏదైనా చూశారనుకునేరు, నాకు అద్దాలే లేవు. లాస్ ఏంజెలెస్‌లో సినిమావాళ్లకు దుస్తులు అద్దెకిచ్చే కొట్టులో, తేనెరంగు చట్రంగా నా బతుకు మొదలైంది. స్టూడియో దీపాలు గాజు మీద మెరిస్తే నటుడి కళ్లు కనపడవని మాకు అద్దాలు పెట్టరు. చూపు ఇవ్వకుండా పెద్దరికం మాత్రం ఇవ్వడం మా వృత్తి. మనుషుల్లోనూ అలాంటివాళ్లు ఉంటారు లెండి.

ఎమెట్ కాల్డర్ అనే కుర్ర నటుడి ముక్కు మీదికి నేను ఎక్కింది టెలివిజన్ నాటకాలు నేరుగా ప్రసారమయ్యే రోజుల్లో. ఆయనది ఊరి డాక్టరు వేషం. చనిపోయిన పసివాడి పక్కన కూర్చుని ఏడవాలి. బాగానే ఏడ్చాడు. కానీ కన్నీళ్లు తుడుచుకోవడానికి నన్ను తీయడం మరచి, చట్రంలోంచే వేలు పోనిచ్చి కన్ను తుడుచుకున్నాడు. దేశమంతా చూసి నవ్వింది. ఇక తన పని అయిపోయిందనుకున్నాడు పాపం. ఆ నవ్వు వల్లే జనానికి ఆయన ముఖం గుర్తుండిపోయింది, నెల తిరక్కుండా మరో వేషం వచ్చింది. కొట్టువాళ్లను అడిగి నన్ను తీసుకుని చొక్కా జేబులో వేసుకున్నాడు. నటులకు ఇలాంటి నమ్మకాలెక్కువ.

ఆ తర్వాతి యాభై ఏళ్లు నాకు ఒక పొడవాటి కలలాగా గుర్తు. న్యాయమూర్తి, పాస్టరు, గుర్రాల దొంగ, దేశాధ్యక్షుడు, చుక్కల మధ్య దారితప్పిన శాస్త్రవేత్త. పొద్దున ఒకడికి ఉరిశిక్ష వేసి, మధ్యాహ్నం ఇంకో సెట్టులో తానే ఉరికంబం ఎక్కేవాడు. జనం ముఖం గుర్తుపట్టేవారు గానీ పేరు చెప్పలేకపోయేవారు. ఒకావిడ నిజం డాక్టరే అనుకుని మోకాలినొప్పి చెప్పుకుంటే, ఓపిగ్గా విని ఉప్పు కాపడం పెట్టుకోమన్నాడు. ఆయన కళ్లు ఏనాడూ నెత్తికెక్కలేదు. నెత్తికెక్కింది నేనే, అదీ భోజన విరామంలో.

ఎనభైకి దగ్గరపడ్డాక చూపు మందగించింది. నటుడు ఎక్కడ ఆగాలో తెలియడానికి సెట్టులో నేల మీద రంగు పట్టీ అంటిస్తారు. తల దించకుండా ఓరకంట చూసి సరిగ్గా దాని మీద ఆగాలి. ఆయన దాటిపోయేవాడు. చూపు తగ్గిందని తెలిస్తే ఎవరూ పిలవరన్న భయంతో ఇంటి గడప దాటితే నిజమైన కళ్లజోడు పెట్టుకునేవాడు కాదు. ఇన్నేళ్లు ఉత్త చట్రాన్ని దర్జాగా మోసిన మనిషి, అద్దాలకు సిగ్గుపడ్డాడు.

ఆ రోజు ఆయనది తండ్రి వేషం. జైలు నుంచి తిరిగొచ్చిన కూతురికి ఎదురెళ్లి గుమ్మం దగ్గర ఆగాలి. ఆరుసార్లు తీశారు, ఆరుసార్లూ పట్టీ తప్పాడు. రేపటికి ఇంకొకరిని చూడమని దర్శకురాలు సహాయకుడితో మెల్లగా అంది. ఆయన చెవులు మాత్రం బాగానే పనిచేసేవి. కుర్చీలో కూలబడ్డాడు. నాకు గుండె ఉంటే అప్పుడు ఆగిపోయేది.

దుస్తులు చూసే ఇనెజ్ ఇరవై ఏళ్లుగా ఆయన్ని ఎరుగును. పక్కన కూర్చుని నన్ను చేతిలోకి తీసుకుంది.

"ఎప్పటినుంచి, కాల్డర్ గారూ?"

"రెండేళ్లయింది. ఎవరితోనూ అనకు తల్లీ."

ఆమె చెయ్యి చాపింది. ఆయన పర్సులోంచి నలిగిన కంటి డాక్టరు చీటీ తీసి ఇచ్చాడు. సినిమావాళ్లకు మెరుపు కొట్టని అద్దాలు చేసే దుకాణం వీధి చివరే ఉంది. భోజనాలయ్యేసరికి నాకు, యాభై ఏళ్ల తర్వాత, చూపొచ్చింది. ఇంకొక్కసారి తీయమని దర్శకురాలిని ఒప్పించింది కూడా ఇనెజే.

ఆయన నడిచాడు. పట్టీ మీద ఆగాడు. తలెత్తితే కూతురి వేషం వేసిన పిల్ల ముఖం కనిపించింది, కనురెప్పల చివరి తడితో సహా. ఎన్నాళ్లకో ఒక మనిషి ముఖాన్ని అంత స్పష్టంగా చూశాడు. స్క్రిప్టులో లేని కన్నీరు వచ్చేసింది. తుడుచుకోబోయి, కుర్రతనంలో చేసినట్టే, చట్రంలోకి వేలు పెట్టాడు. వేలు గాజుకు తగిలి ఆగిపోయింది. ఆయన ఒక్క క్షణం విస్తుపోయి, చిన్నగా నవ్వాడు. దర్శకురాలు ఆ ముక్కనే ఉంచింది.

అదే ఆయన చివరి వేషం. పోతూ పోతూ నన్ను ఇనెజ్‌కు ఇమ్మని రాసిపెట్టాడు. ఇప్పుడు ఆమె కిటికీ పక్కన ఎండ కాగుతూ ఉంటాను. వారానికోసారి మెత్తటి గుడ్డతో నన్ను తుడుస్తుంది. కుడి అద్దం దగ్గరికి వచ్చేసరికి, ఆ వేలిముద్ర చుట్టూ తుడిచి వదిలేస్తుంది.