చిల్లులోంచి వచ్చిన గుర్రాలు

ఆ ఏడు వేసవిలో మేతకొండ మీదికి గుర్రాలతో పాటు తట్టు కూడా ఎక్కి వచ్చింది. బేగిమైకి పదమూడేళ్ళు. చిన్నప్పుడు రావలసిన తట్టు ఇప్పుడు వచ్చి, చెవుల వెనక మొదలై అరికాళ్ళ దాకా ఎర్రగా పూసింది. అమ్మా నాన్నా కింద ఊళ్ళో ఎండుగడ్డి కోతల్లో ఉన్నారు. కొండ మీద ఉన్నది నానమ్మ అనిపా, అన్న కుబాత్, ఇరవై రెండు గుర్రాలు.

తట్టు పోసిన పిల్ల కళ్ళలో వెలుతురు పడకూడదని నానమ్మ పట్టుపట్టింది. గుడారం నడినెత్తిన ఉన్న పొగకన్నం మీదికి కంబళి లాగేసింది. తూర్పున ఉన్న తలుపుకి మందపాటి తెర దించేసింది.

"ఎండ కంట్లోకి ఎక్కిందంటే చూపు పోద్ది. కదలకుండా పడుకో, నా గుర్రప్పిల్లా," అంది.

పడక పైన, ఉత్తరపు కంబళి గోడలో కందిగింజంత చిల్లు ఒకటి మిగిలిపోయింది. కిందటేడు నిప్పురవ్వ ఎగిరి కాల్చిన చిల్లు అది. "దాన్ని కుట్టేయాలే, గుర్తు చెయ్యి," అని నానమ్మ రోజూ అనేది. బేగిమై రోజూ గుర్తు చెయ్యకుండా ఊరుకునేది.

ఎందుకంటే, రెండో రోజు మధ్యాహ్నం ఆమెకి గుర్రాలు కనిపించాయి.

ఎదురుగా, జీనుల మీద దుమ్ము పడకుండా నానమ్మ కట్టిన తెల్ల దుప్పటి మీద కనిపించాయి. కాళ్ళు పైకి, వీపులు కిందికి. పచ్చిక పైన పరుచుకుని ఉంది. దాని కింద కొండలు వేలాడుతున్నాయి, కొండల కొసన తెల్లటి మంచు, అన్నిటికీ అడుగున లేత నీలం ఆకాశం. ఏ చప్పుడూ లేదు. ఒక గుర్రం తోక విసిరింది. బేగిమై కప్పుకున్న రగ్గు అంచు గట్టిగా పట్టుకుంది.

జ్వరమే అనుకుంది ముందు. కానీ జ్వరంలో వచ్చేవి కళ్ళు మూసినా కనపడాలి కదా? మూసింది. పోయాయి. తెరిచింది. ఉన్నాయి. బయట మబ్బు పట్టినప్పుడు గుర్రాలు మాసిపోయాయి, ఎండ కాసినప్పుడు తేరుకున్నాయి. మూడో రోజు మోకాళ్ళ మీద లేచి చిల్లుకి అరచెయ్యి అడ్డం పెట్టి చూసింది. కొండలూ గుర్రాలూ ఆకాశమూ ఒక్కసారిగా ఆరిపోయాయి. చెయ్యి తీసింది. అన్నీ మళ్ళీ వచ్చాయి.

అంటే ఇవన్నీ ఇందులోంచే వస్తున్నాయి. అంత కొండ, ఇంత చిల్లులోంచి! ఎలా దూరింది? దూరినది దూరినట్టు ఉండక తలకిందులు ఎందుకయింది? ఆ రోజు ఆమె రొట్టె తినలేదు. నానమ్మ జ్వరం పెరిగిందేమోనని నుదురు పట్టుకుని చూసింది.

బడిలో తెలిసిన జవాబు కూడా గొంతు దాటి రాని పిల్ల బేగిమై. అయినా ఇది దాచుకోలేక కుబాత్‌కి చెప్పింది. వాడు తెర ఎత్తిపట్టుకుని, వీపు నిండా ఎండ వెంటబెట్టుకుని లోపలికి వచ్చాడు.

"ఏవే నీ గుర్రాలు?"

"తలుపు మూస్తే కనపడతాయి అన్నయ్యా."

"మూస్తే నా ముక్కే నాకు కనపడదు, గుర్రాలేం కనపడతాయే? నానమ్మా! దీని గుర్రాలు ఆకాశంలో మేస్తున్నాయంట. పాలు పితకడానికి నిచ్చెన తీసుకురా!"

బయట నానమ్మ నవ్వింది. తెర పడింది. బేగిమై గోడ వైపు తిరిగి పడుకుంది. ఎవరు చూడటానికి వచ్చినా వెలుగుతోనే వస్తున్నారు. వెలుగు వస్తే అవి పోతాయి. ఇక ఎవరికి చూపించగలదు?

అయిదో రోజు మధ్యాహ్నం నానమ్మ దక్షిణం వైపు పందిరి నీడలో కూర్చుని తోలుసంచిలో గుర్రప్పాలు చిలుకుతోంది. కుబాత్ అక్కడే నోరు తెరిచి నిద్రపోతున్నాడు. ఉత్తరాన, గుర్రప్పిల్లలని వరసగా కట్టే దామెన తాడు దగ్గర ఎవరూ లేరు. తల్లులు దూరంగా మేస్తున్నాయి. పిల్ల ఎదురుగా ఉంటేనే తల్లి పాలు చేపుతుంది కాబట్టి పగలంతా పిల్లలు తాడు దగ్గరే ఉండాలి.

దుప్పటి మీద బేగిమై ఆ తాడునే చూస్తోంది. బూడిదరంగు గుర్రం కన్న పిల్ల తల విదిలించింది, మళ్ళీ విదిలించింది. పలుపులోంచి తల జారింది. అది రెండడుగులు గెంతి, నిలబడి, తలుపు వైపుగా నడుచుకుంటూ దుప్పటి అంచు దాటి పోయింది.

ఆ ఏడు పుట్టిన ఒకే ఒక ఆడపిల్ల అది.

"నానమ్మా! బూడిద దాని పిల్ల తప్పించుకుంది! అడవి వైపు పోయింది, అడవి వైపు!"

ఇంత గొంతు తనకి ఉందని బేగిమైకే తెలియదు. తలుపు వైపంటే తూర్పు, తూర్పున దేవదారు అడవి. బయట నానమ్మ పరుగెత్తడం, "అయ్యో, నిజమేరా, పలుపు ఖాళీగా ఉంది!" అనడం, కుబాత్ తిట్టుకుంటూ గుర్రమెక్కడం వినిపించాయి. గిట్టల చప్పుడు తూర్పుకి సాగింది.

దుప్పటి మీద కుబాత్ కూడా కనిపించాడు. తలకిందులుగా, గుర్రం కింద వేలాడుతూ. కానీ వాడు తలుపు వైపు పోవడం లేదు. పరుపులు పేర్చిన పెట్టెల వైపు, అంటే పడమటికి పోతున్నాడు.

బేగిమై లేచి కూర్చుంది. చెవికి తూర్పుకి పోయినవాడు కంటికి పడమటికి పోతున్నాడు.

తడబడుతూ వంట మూలకి వెళ్ళి, అక్కడ కట్టిన తడిక నుంచి పొడుగాటి గడ్డిపుల్ల ఒకటి లాగింది. దాన్ని చిల్లులోంచి సగం దాకా బయటికి తోసింది. లోపలి కొసని కిందికి దించితే బయటి కొస పైకి లేస్తుంది. లోపలి కొసని తలుపు వైపు జరిపితే బయటి కొస పెట్టెల వైపు జరుగుతుంది. చేతిలో ఉన్న పుల్ల ఎంత తిన్నగా ఉందో చూసింది. వెలుతురు కూడా ఇలా వంగని పుల్లలాగే వస్తోందా? కొండ కొస నుంచి ఒక పుల్ల, గుర్రం గిట్ట నుంచి ఒకటి, గడ్డిపోచ గడ్డిపోచ నుంచీ ఒక్కొక్కటి, అన్నీ ఈ కందిగింజంత చోట ఒకదాన్నొకటి దాటుకుని, ఏదీ దేనికీ తగలకుండా!

అయితే తలుపు వైపు నడిచిన పిల్ల నిజంగా నడిచింది పడమటికి. పడమర నది. మధ్యాహ్నం తిరిగితే పైన మంచు కరిగి నది పొంగుతుంది.

"నానమ్మా! అడవి కాదు, నది! నది వైపు పోయింది!"

తెర చప్పున లేచి చప్పున పడింది. నానమ్మ లోపలికి వచ్చింది. చేతిలో కంబళి కుట్టే సూది, దారం.

"ఒకసారి అడవంటావ్, ఒకసారి నదంటావ్! అదిగో వాడు దేవదార్లలో పడి గొంతు పోయేలా అరుస్తున్నాడు. ఈ చిల్లు నీకు జ్వరం మీద జ్వరం ఎక్కిస్తోంది. జరుగు, కుట్టేస్తా."

"కుట్టు నానమ్మా. కుట్టే ముందు ఒక్కసారి కూర్చో. కళ్ళు చీకటికి అలవాటు పడనీ. నిన్ను ఇంకేమీ అడగను."

పిల్ల గొంతులో ఏముందో గానీ, నానమ్మ కూర్చుంది. సూదికి దారం ఎక్కించడానికైనా కళ్ళు కుదురుకోవాలి కదా అని గొణిగింది. కాసేపు ఆమె ఊపిరి ఒకటే వినిపించింది.

"ఓరి దేవుడా," అంది చాలా మెల్లగా.

పచ్చిక, కొండలు, మంచు. బయట ఆమె టీ నీళ్ళు కాచడానికి వెలిగించి వచ్చిన సమోవర్ తలకిందులుగా నిలబడి ఉంది. దాని పొగ ఆకాశంలోకి, కిందికి, చల్లగా కారుతోంది. ఆమె చెయ్యి ఎత్తి గుండెల మీద పెట్టుకుంది. ఎంతసేపు చూసిందో. ఉన్నట్టుండి ముందుకి వంగింది.

"ఇదేంటే? నేను సమోవర్ అడవి వైపు కదా పెట్టాను. ఇక్కడ పెట్టెల వైపు ఉందేంటి?"

బేగిమై నోరు తెరిచేలోపే నానమ్మ లేచింది. సూది ఎక్కడ పడిందో చూసుకోలేదు. బయట జీను లేని గుర్రం మీదికి అరవై ఎనిమిదేళ్ళ మనిషి ఎగిరి ఎక్కిన చప్పుడు, "చూ! చూ!" అన్న అదిలింపు, పడమటికి గిట్టలు.

దుప్పటి మీద నానమ్మ ఆకాశంలో వేలాడుతూ, తలగుడ్డ కొస ఎగురుతుండగా, తలుపు వైపు దూసుకుపోయింది.

తర్వాత దుప్పటి మీద ఏమీ జరగలేదు. సమోవర్ పొగ సన్నబడింది. బూడిద గుర్రం తాడు దగ్గరికి వచ్చి, ఖాళీ పలుపుని వాసన చూసి, తల ఎత్తి సకిలించింది. నోరు కదలడం దుప్పటి మీద, గొంతు కంబళి అవతల. బేగిమై రెండు చేతులూ నోటికి అడ్డం పెట్టుకుంది. తను మొదట అరిచిన ఆ ఒక్క మాట వెనక్కి తీసుకోగలిగితే ఎంత బావుండును. నది హోరు నిమిష నిమిషానికీ పెరుగుతున్నట్టు అనిపించింది.

మొదట నాలుగు సన్నటి కాళ్ళు కనిపించాయి, దుప్పటి అంచున, పైన. వణుకుతున్నాయి. వాటి కింద తడిసి నల్లబడిన చిన్న ఒళ్ళు, మెడకి నానమ్మ తలగుడ్డ. తర్వాత నానమ్మ, నడుం దాకా తడిసి. బూడిద గుర్రం పరుగున వచ్చి పిల్లని నాకడం మొదలుపెట్టింది. బేగిమై ఏడ్చింది. అన్నీ తలకిందులుగా ఉన్నా, ఏడుపు మాత్రం మామూలుగానే కిందికి కారింది.

నానమ్మ తెర సందులోంచి ఒంటిని మాత్రమే లోపలికి జరుపుకుని, వెంటనే తెర మూసేసింది.

"నడి నదిలో రాళ్ళ దిబ్బ మీద నిలబడి ఉంది వెర్రి మొహంది. నీళ్ళు మోకాళ్ళ దాకా వచ్చేశాయి. ఇంకో టీ తాగేంత సేపయితే..." అని ఆపేసింది. "సరే, అది పోనీ. ఎలాగో చెప్పు ముందు. ఎందుకు తిరగబడుతోంది?"

బేగిమై పుల్ల చేతికిచ్చింది. నానమ్మ దాన్ని చిల్లులో పెట్టి కిందికి దించింది, పైకెత్తింది, అటు తిప్పింది, ఇటు తిప్పింది. చిన్నపిల్ల బొమ్మ తిప్పినట్టు తిప్పుతూనే ఉంది. బట్టల నుంచి నీళ్ళు చాప మీదికి కారుతున్నాయి.

అడవి నుంచి తిరిగొచ్చిన కుబాత్ బయట నుంచి, "నానమ్మా, పిల్ల దొరికిందంటే మరి నన్నెందుకు చెట్లన్నీ లెక్కపెట్టించావ్?" అంటూ తెర మీద చెయ్యి వేశాడు.

"ముయ్యరా! వెలుతురు రానిచ్చావంటే కాళ్ళు విరగ్గొడతా. పోయి తాడు దగ్గర నిలబడు. చేతులు ఊపు. ఊపమన్నప్పుడల్లా ఊపు!"

వాడు ఊపాడు. ఇద్దరూ నోటికి చేతులు అడ్డం పెట్టుకుని నవ్వారు.

తర్వాత నానమ్మ నవ్వు ఆపి, బేగిమై మొహాన్ని రెండు చేతులతో పట్టుకుని, చిల్లులోంచి వచ్చే వెలుగుకి దగ్గరగా తిప్పి, కంట్లోకి చూసింది.

"కంటి నడుమ ఈ నల్లటిది... ఇది కూడా చిల్లే కదే?"

"చిల్లేనేమో, నానమ్మా."

"లోపల చీకటేగా?"

"చీకటే అయ్యుండాలి."

నానమ్మ మళ్ళీ దుప్పటి వైపు తిరిగింది. దుప్పటి మీద కుబాత్ ఇంకా చేతులు ఊపుతున్నాడు.

"అయితే మరి," అంది చివరికి, గొంతు తగ్గించి, "అరవై ఎనిమిదేళ్ళుగా నా కంట్లోకి వచ్చిన మనుషులు నిటారుగా ఎలా నిలబడ్డారే?"

"తెలియదు నానమ్మా," అంది బేగిమై. తెలియదని చెప్పడానికి మొదటిసారి ఆమెకి సిగ్గు వెయ్యలేదు.