సవరణ వేయని పేపరు

గొడవ వంటింటి కిటికీ గడియ దగ్గర మొదలైంది. పొద్దున్నే లేచి చూస్తే పాలగిన్నె బోర్లా పడి ఉంది. గట్టు కింద పిల్లి మూతి నాక్కుంటోంది.

"రాత్రి గాలి రావట్లేదని కిటికీ తీసింది మీరే" అంది సరోజినీదేవి.

"తీశాను. మళ్ళీ గడియ వేశాను" అన్నాడు జగన్నాథరావు, పళ్ళు తోముకుంటూనే.

"వేస్తే పిల్లెలా వచ్చింది?"

"అదే తీసుకుని ఉంటుంది."

"గడియ తీసే పిల్లయితే మీ పేపర్లో వెయ్యండి. నలుగురూ చదువుతారు."

వసారాలోంచి అత్తగారు రావమ్మ కేకేసింది. "వాడు వేశానంటే వేసినట్టేనమ్మా. ఇంతకీ ఇవాళ కాఫీ ఉందా, లేదా?"

సరోజినీదేవి పక్కింటికి పాలకోసం వెళ్ళింది.

తిరువూరులో జగన్నాథరావు పరపతంతా 'మెట్ట వాణి' తెచ్చిపెట్టిందే. కాలితో తొక్కే పాత అచ్చు మిషను ఒకటి బెజవాడలో కొని, ఈ నాలుగు పేజీల వారపత్రిక మొదలుపెట్టాడు. శుక్రవారం పేపరు వస్తుందంటే గురువారం నుంచే ఆఫీసుల్లో వాళ్ళకి గుబులు. ప్రెస్సు గోడమీద ఎర్ర రంగుతో రాయించాడు: 'సవరణలు ప్రచురింపబడవు'. పదకొండేళ్ళలో ఒక్కటీ వెయ్యలేదు. బి.ఏ. చదివిన భార్య ఇంట్లో ప్రూఫులు దిద్దేది. ఆమె దిద్దేది అక్షరాలు మాత్రమే.

పల్లెల వార్తలు బస్సుల్లో వచ్చేవి. ప్రెస్సు అరుగుమీద నాలుగు రేకు డబ్బాలు వేలాడుతుండేవి. నెమలి ఊరికి ఒకటి, రెడ్డిగూడేనికి ఒకటి, ఎ.కొండూరుకి ఒకటి, ఊళ్ళో వార్తలకి ఒకటి. విలేకరులిచ్చిన చీటీలు కండక్టర్లు ఏ ఊరివి ఆ ఊరి డబ్బాలో వేసి పోయేవాళ్ళు. డబ్బాయే ఊరు చెబుతుంది గనక చీటీమీద ఊరి పేరు ఎవరూ రాసేవాళ్ళు కాదు. ఎ.కొండూరు విలేకరి రాయప్ప బడిపంతులు. చీటీ తనెప్పుడూ రాయడు, వారానికొక పిల్లాడిచేత రాయిస్తాడు గనక రాత చూసి ఎవరిదో పోల్చడానికీ లేదు.

రైల్వే సమ్మె జరిగిన ఏడు, ఎండాకాలం పోతుండగా, కొత్త కండక్టరెవరో రాయప్ప చీటీని తిరువూరు డబ్బాలో వేశాడు. బస్సులు ఆగే చోట ఉన్న హోటల్లో భోంచేసి కొందరికి వాంతులు, విరేచనాలు అయ్యాయని వార్త. తిరువూరు బస్టాండు పక్కన భోజనం పెట్టేది సుగ్రాబీ ఒక్కతే. లారీ డ్రైవరు భార్య. మొగుడు పోయాక మెస్సు పెట్టుకుంది. మేష్టర్లు, గుమాస్తాలు, బస్సులవాళ్ళు అక్కడే తినేవాళ్ళు. చీటీలో లేని ఆమె పేరు జగన్నాథరావే చేర్చాడు.

ప్రూఫు చూస్తూ సరోజినీదేవి అడిగింది. "ఆవిణ్ణి అడిగారా?"

"అడగడమేంటి? బస్టాండు దగ్గర ఇంకో హోటలుందా? పేరు లేకపోతే వార్త ఎవడు చదువుతాడు?"

చదివారు. శనివారం మధ్యాహ్నం సుగ్రాబీ వార్చిన అన్నం వార్చినట్టే ఉండిపోయింది. సోమవారం వండింది కూడా గేదెలకే పోసింది.

ఆ సోమవారమే రాయప్ప జగన్నాథరావు ఇంటికి పరుగున వచ్చాడు. "సార్, అది మా ఊళ్ళో హోటలండి! ఆ మనిషికేం సంబంధం?"

"మెల్లిగా మాట్లాడు" అన్నాడు జగన్నాథరావు.

ఆ సాయంత్రం సుగ్రాబీ సరోజినీదేవి పెరటివైపు వచ్చి నిలబడింది. "అమ్మగారూ, మా మెస్సు గదులు ఆదిశేషయ్యగారివి. పేపర్లో పడ్డ మచ్చ పేపరే తుడవాలన్నాడు. ఈ శుక్రవారం తుడిస్తే ఉండమన్నాడు. లేకపోతే ఖాళీ చేయమన్నాడు. మూడు లైన్లు చాలమ్మా."

సరోజినీదేవి రాత్రి భర్తని అడిగింది.

"ఒక్కటి ఒప్పుకుంటే పాతవన్నీ తవ్వుతారు. ఎంతమంది గురించి రాశాను! అందరూ గుమ్మంలో నిలబడతారు" అన్నాడు. అంతకంటే నిజం అతను ఆ ఇంట్లో ఎన్నడూ మాట్లాడలేదు.

మర్నాడు కంపోజిటరు మదార్ ప్రూఫులకోసం వచ్చినప్పుడు, ఆమె మూడు లైన్లు రాసి అతని చేతికిచ్చింది. సుగ్రాబీకి కబురు పంపింది: సవరణ శుక్రవారం వస్తుంది.

గురువారం దిద్దిన ప్రూఫులు తీసుకుని తనే ప్రెస్సుకి వెళ్ళింది. సుగ్రాబీ అప్పటికే అక్కడుంది. ఉతికిన చీర కట్టుకుంది. మదార్ పేర్చిన సీసపు అక్షరాల మీద వంగి, వేలు తగలకుండా చూస్తోంది.

"నా పేరేదయ్యా ఇందులో?"

"ఇదిగో, ఇక్కణ్ణించి ఇక్కడిదాకా. తిరగేసి ఉంటుందక్కా" అన్నాడు మదార్.

జగన్నాథరావు లోపలినుంచి వచ్చాడు. మూడు లైన్లూ చదివాడు. గుమ్మంలో ఉన్న భార్యని చూశాడు. కోప్పడలేదు.

"బాగా చూసుకున్నావా?" అన్నాడు సుగ్రాబీతో.

"చూశాను సార్. మీ పిల్లాపాపా చల్లగా..."

అతను ఆ మూడు లైన్లూ రెండు చేతులతో ఎత్తి, గుప్పిట్లో నలిపినట్టు చేసి, అక్షరాలు బల్లమీద గుమ్మరించాడు. కొన్ని నేలమీద పడ్డాయి.

"మదార్, ఇవి మళ్ళీ గళ్ళల్లో సర్దు. రేపటి పేపర్లో ఆ జాగాలో సబ్బు ప్రకటన వెయ్యి."

సుగ్రాబీ వంగి, కింద పడ్డ అక్షరాలు ఏరి బల్లమీద పెట్టింది. తర్వాత గుమ్మంవైపు తిరిగింది. "వస్తుందని మీరే చెప్పారు కదమ్మా?"



శుక్రవారం సబ్బు ప్రకటన వచ్చింది. ఆదివారానికి సుగ్రాబీ వంట డేగిశాలు రిక్షాలో ఎక్కించుకుని వెళ్ళిపోయిందని రావమ్మ ఎవరినుంచో విని వచ్చి చెప్పింది. "ఏం తిండి పెట్టిందో ఏమో, ఊరికి పీడ వదిలింది."

"ఆవిడ తిండికి ఏమీ కాలేదత్తయ్యా. అది కొండూరులో."

"పేపర్లో పడిందిగా!" అంది రావమ్మ.

ఆ మధ్యాహ్నం భోజనాల దగ్గర జగన్నాథరావు హుషారుగా ఉన్నాడు. పప్పు రెండోసారి వేయించుకున్నాడు.

"అమ్మా, ఒకటో తారీకు నుంచి ప్రెస్సు మారుస్తున్నాను. ఆదిశేషయ్య ఆ మెస్సు గదులు మనకే ఇస్తానన్నాడు. బస్టాండు పక్కనే. చీటీలు నేరుగా చేతికే వస్తాయి, ఇక పొరపాట్లుండవు."

'పొరపాట్లు' అన్న మాట అతని నోట సరోజినీదేవి వినడం అదే మొదలు. గరిటె ఆగిపోయింది.

"మరి ఆవిడ?"

"కబురు పెట్టాను. రోజూ వచ్చి ప్రెస్సు ఊడ్చి, నీళ్ళు పట్టమన్నాను. ఆ గదులు దానికి అలవాటేగా. ఒప్పుకుంది."

"నీది జాలిగుండె నాయనా" అంది రావమ్మ.

"అదీ వేస్తున్నాం వచ్చే శుక్రవారం. దిక్కులేని స్త్రీకి 'మెట్ట వాణి' ఆసరా అని. దాని పేరు పెద్దక్షరాల్లో వేయిస్తున్నాను, అడిగిందిగా." జగన్నాథరావు విస్తరి ముందుకు జరుపుకున్నాడు. "సాయంత్రం ప్రూఫు వస్తుంది. అక్షరాలు దిద్దు, చాలు. పెరుగు వెయ్యి."