చివరి ముక్క

బంగాళాదుంప చెక్కు సగం తీశాడో లేదో, ఫెర్రీ పడవకి అవతలి ఒడ్డు వచ్చేసింది. హాల్వార్ కత్తి గిన్నెలో పడేసి, చేతులు ప్యాంటుకు తుడుచుకుని, నారింజరంగు కోటు తగిలించుకుని డెక్కు మీదికి పరుగెత్తాడు. గేటు ఎత్తాడు. ఉన్న కార్లు దిగాయి, కొత్తవి ఎక్కాయి. ముందు బండి గీత దగ్గరికి రాగానే అరచెయ్యి చూపించి ఆపాడు. గేటు దించి, మళ్ళీ క్యాబిన్‌లో దుంప దగ్గరికొచ్చాడు.

దీవికీ ఊరికీ మధ్య ఫెర్రీ ప్రయాణం ఒక సిగరెట్టు కాల్చినంతసేపు. ముప్పై ఏళ్ళుగా హాల్వార్ బతుకంతా ఆ సిగరెట్టంత ముక్కలుగానే గడిచింది. కాఫీ ఈ ఒడ్డున పోసుకుంటాడు, ఆ ఒడ్డున తాగుతాడు. మాటా అంతే. మొదలుపెట్టిన మాట పూర్తయ్యేలోగా ఒడ్డు తగులుతుందని, మొదలుపెట్టడమే మానేశాడు. పొడుగాటి మనిషి, వెడల్పాటి చేతులు, చలికీ సిగ్గుకీ ఒకేలా ఎర్రబడే పెద్ద చెవులు. కొట్లో ఎవరైనా ఎదురొచ్చినా అలవాటు కొద్దీ అరచెయ్యి చూపిస్తాడు. వాళ్ళు ఆగిపోతారు కూడా.

పెళ్ళీ పెటాకులూ లేవు. అయినా క్రిస్మస్‌కి ఏటా ఉప్పులో ఊరేసిన పంది తొడ, అదే హామ్, మొత్తం కొంటాడు. చిన్నది కొనుక్కోవచ్చుగా అంటే, "అది హామ్ ఎలా అవుతుంది? మాంసం ముక్క అవుతుంది" అంటాడు. పండగనాడు తినేది రెండు ముక్కలు. మిగిలింది పండగకీ కొత్త సంవత్సరానికీ మధ్య బ్రెడ్డు మీదా, సూపులోనూ, ఆమ్లెట్‌లోనూ ప్రత్యక్షమై, చివరికి అతని తల్లి వాడిన మట్టి పళ్ళెంలో దుంపలతో కలిసి మోక్షం పొందుతుంది.

ఈసారి మోక్షం సంవత్సరం చివరి రోజున పడింది. హాల్వార్ ఉద్యోగానికీ అదే చివరి రోజు.

ఒక ట్రిప్పులో దుంపలు పల్చగా చక్రాలు తరిగాడు. ఇంకో ట్రిప్పులో ఉల్లిపాయ వెన్నలో మగ్గించాడు. ఫెర్రీ ఒడ్డున ఆగినప్పుడు పళ్ళేనికి వెన్న రాసి, దుంపల వరస, ఉల్లిపాయ, హామ్ ముక్కలు, మళ్ళీ దుంపల వరస పేర్చాడు. హామ్‌లోనే ఉప్పుంటుంది కనక వేరే వెయ్యలేదు. ఆవాల ముద్ద కలిపిన మీగడ పోసేటప్పుడు మాత్రం గాలెటు వీస్తోందో చూసి, రెండువేళ్ళు తక్కువ పోశాడు. ఒకసారి అలలకి మీగడంతా ఓవెన్‌లో ఒలికి, వేసవి దాకా క్యాబిన్ కంపు కొట్టింది. పైన జున్ను తురుము, రొట్టెపొడి, అక్కడక్కడ వెన్న.

కెప్టెన్ హెడ్విగ్ క్యాబిన్‌లోకి తొంగిచూసింది. హాల్వార్ వయసులో సగం ఉంటుంది, నోరు మాత్రం రెండింతలు.

"పళ్ళెం నిండా చేస్తున్నావు. ఎవరికి ముసలోడా?"

"అందరికీ."

"అందరూ అంటే మైలిస్ అన్నమాట. ఇవాళైనా అడుగుతావా?"

"ఏమడగాలి?"

"రేపటినుంచి ఆవిడ బండి ఆపే ఉద్యోగం నీకుండదు. మరెలా ఆపుతావు?"

హాల్వార్ చెవులు ఎర్రబడ్డాయి. ఓవెన్ తలుపు వేశాడు.

మైలిస్ దీవికి ఉత్తరాలు తెచ్చే మనిషి. పొట్టిగా, గుండ్రంగా, నడుముకి తాళాల గుత్తి గలగలలాడుతూ ఉంటుంది. భర్త పోయి చాలా ఏళ్ళయింది. ఏటా ఈ మధ్యరోజుల్లో ఒకసారి హాల్వార్ చేసింది తినడానికి క్యాబిన్‌లోకి వస్తుంది. ఏటా ఇద్దరి మధ్యా చివరి ముక్క మిగిలిపోతుంది.

మా చలిదేశంవాళ్ళు పస్తులైనా ఉంటారు గానీ, నలుగురిలో చివరి ముక్క ముట్టుకోరు. అందులో సగం కోసుకుంటారు. తర్వాతివాడు ఆ సగంలో సగం. కాసేపటికి భూతద్దం కావాల్సొస్తుంది. చివరి ముక్కని మొహమాటం లేకుండా నోట్లో వేసుకునేది ఇంట్లోనే, సొంతవాళ్ళ ముందే. ఆ మిగిలిందాన్ని హాల్వార్ ఏటా ఇంటికి పట్టుకెళ్ళి, వంటింట్లో నిలబడి ఒక్కడే తినేవాడు. అంత దిగులైన తిండి ఇంకోటి లేదు.

మధ్యాహ్నం దీవి వైపు వరసలో పోస్టు వ్యానే మొదటిది. హాల్వార్ అరచెయ్యి చూపించాడు. గీత మీద ఆగింది. మైలిస్ దిగి, వాసన పట్టుకుని నేరుగా క్యాబిన్‌కి వెళ్ళింది.

ఫెర్రీ కదలకముందే సగం పళ్ళెం ఖాళీ అయింది. అంతసేపూ ఫోర్కుల చప్పుడే. నీళ్ళ మధ్యకి వచ్చేసరికి అనుకున్నట్టే ఒక్క ముక్క మిగిలింది.

"తీసుకో" అన్నాడు హాల్వార్.

"అబ్బే, నువ్వే తీసుకో." సగం కోసుకుంది.

అతను ఆ సగంలో సగం కోసుకున్నాడు. ఆమె మళ్ళీ కోసింది. మిగిలినదాన్ని ఫోర్కుతో చూపించి, "దీనికి స్టాంపు అంటించక్కర్లేదు, ఇదే స్టాంపంత ఉంది" అంది.

హాల్వార్ నవ్వాడు. ఇప్పుడు అడక్కపోతే ఇక ఎప్పటికీ అడగలేడని అతనికి తెలుసు. ఊపిరి పీల్చుకుని, "మైలిస్, రేపటినుంచి..." అన్నాడు.

ఫెర్రీ ధబ్బున ఒడ్డుకి తగిలింది.

"ఒడ్డొచ్చింది" అని వాక్యం ముగించి, కోటు తగిలించుకుని బయటికి పోయాడు. తనమీద తనకే అసహ్యం వేసింది.

గేటు ఎత్తి చెయ్యి ఊపాడు. ముందు బండి కదల్లేదు. మళ్ళీ ఊపాడు. వ్యాన్లో మనిషే లేదు. వెనక కార్లన్నీ బారులు తీరి ఉన్నాయి. ఎవరూ హారన్ కొట్టలేదు; మావాళ్ళు కొట్టరు, ఎదురుగా చూస్తూ లోలోపల ఉడికిపోతారు.

"హాల్వార్," మైకులో హెడ్విగ్ గొంతు వినిపించింది, "ముందు బండికి ఏమొచ్చింది?"

అతను క్యాబిన్‌కి పరుగెత్తాడు. మైలిస్ అక్కడే కూర్చుని ఉంది. స్టాంపంత ముక్క లేదు. ఆమె పళ్ళెం వంచి పట్టుకుని, మాడి అంటుకున్న మూలల్ని ఫోర్కుతో గీకి తింటోంది. అతన్ని చూసింది. ఆపలేదు.

"మాడిన మూలలంటే నాకు ప్రాణం" అంది నిండు నోటితో. "ఇన్నేళ్ళూ నువ్వే ఇంటికి పట్టుకుపోయావు."

హాల్వార్ గుమ్మంలోంచే పళ్ళెం రెండో మూల చూపించాడు. "ఆ పక్కన కూడా ఉంది, గీకు" అన్నాడు. జన్మలో అంత ధైర్యమైన మాట అతను అనలేదు.

గీకింది. పళ్ళెం బల్లమీద పెట్టి లేచింది. "ఎన్నింటికి దిగుతావు?"

"చీకటి పడగానే. రాత్రి డ్యూటీవాడు వస్తాడు."

"ఊరి ఒడ్డుకి నా కారు తెస్తాను. ఈసారి చెయ్యి చూపించి ఆపడం కాదు. ఎక్కి కూర్చో."

నాలుగింటికే చీకటి పడింది. హాల్వార్ నారింజరంగు కోటు కొక్కేనికి తగిలించి, ఒడ్డున ఆగిన మైలిస్ కారెక్కాడు. గీత దగ్గర ఇప్పుడు ఇంకెవరో చెయ్యి చూపిస్తున్నారు. పైనుంచి హెడ్విగ్ అవసరం లేకపోయినా ఒకసారి హారన్ కొట్టింది. కారు కదిలి కొంతదూరం పోయాక అతనికి గుర్తొచ్చింది.

"అమ్మ పళ్ళెం మర్చిపోయాను."

"రేపు వెళ్ళి తెచ్చుకుందాంలే" అంది మైలిస్. "ఖాళీదేగా."

ఫెర్రీ మళ్ళీ దీవి వైపు కదిలింది. క్యాబిన్ బల్లమీద మూలలదాకా గీకేసిన పళ్ళెంలో రెండు ఫోర్కులు ఒకదానికొకటి తగిలి చిన్నగా చప్పుడు చేస్తున్నాయి.