కిరీవ్ ఒడి

బుధవారం పవిత్రమని ఎజీదీలు పని ముట్టరు. ఖోఖె మాత్రం ప్రతి బుధవారం పొద్దున్నే సింజార్ కొండ మీది తన గుడారానికి తాళ్లు బిగించి, నాలుగు రొట్టెలు గుడ్డలో కట్టుకుని, కూరగాయల వ్యానెక్కి కింద అరబ్బుల ఊరికి దిగుతుంది. కొడుకుని చూసి రావడం పని కిందకి రాదని ఆవిడ వాదన.

కొడుకు దఖీల్ తొమ్మిదేళ్ల కిందటి ఆగస్టులో చచ్చిపోయి, ఆ మధ్యాహ్నమే వచ్చి ఆ ఊరి అరబ్బు మిజ్బిల్ ఒళ్లో కూర్చున్నాడు. కంటికి కనపడడు, మిజ్బిల్‌కి బరువు మాత్రం తెలుస్తుంది. ఆ రోజు వాకిట్లో కుర్చీలో కూలబడ్డ మనిషి మళ్లీ లేవలేదు. అక్కడే రేకుల పందిరి వేశారు, తిండీ నిద్రా అందులోనే. ఒకసారి పోలీసులు విచారణకి తీసుకుపోదామని వచ్చి, ఆరుగురు పట్టినా కుర్చీ కదలక, క్రేను తెస్తామని వెళ్లి అటే పోయారు.

దఖీల్ ఆ ఒడినే వెతుక్కోవడానికి కారణం ఉంది. చిన్నప్పుడు దఖీల్‌కి సున్తీ చేసిన రోజు ఒళ్లో కూర్చోబెట్టుకున్నది మిజ్బిలే. ఆ నెత్తురు బొట్టు ఎవరి ఒళ్లో పడితే అతను కిరీవ్. మతాలు వేరైనా ఆ రెండిళ్లూ ఏడు తరాలు ఒకే రక్తం, ఒకరినొకరు పిలుచుకునేదీ కిరీవ్ అనే. సొంత అన్న మాట కాదంటారేమో గానీ కిరీవ్ మాట కాదనరు. అక్కడే కొంప మునిగింది. నల్లజెండాల వాళ్లు వస్తున్నారని జనం కొండకి పరిగెడుతుంటే మిజ్బిల్ ఫోన్ చేశాడు. "మేడ మీద తెల్లగుడ్డ కట్టండి, మీ జోలికి రారు. నాదే పూచీ." ఖోఖె తన తల ముసుగే విప్పి కట్టింది. అది చూసి మరో పదమూడు ఇళ్ల వాళ్లు సర్దిన మూటలు దించేశారు.

ఆడవాళ్లని బస్సులెక్కించి అమ్ముకున్నారు. మగపిల్లల చొక్కాలెత్తి చంకల్లో వెంట్రుకలు చూశారు. దఖీల్‌కి పదమూడే, కానీ వయసుకి మించిన పొడుగు. కాల్చి చంపబోయే పెద్దవాళ్ల పక్కకి నెట్టారు.

నాలుగేళ్ల చెర నుంచి బయటపడి వచ్చిన ఖోఖెకి మిగిలింది ఈ బుధవారమే. ఒళ్లో ఉన్నవాడు ఎదుగుతున్నాడని తెలిశాక ఇక మానలేకపోయింది. మిజ్బిల్ తొడలు చచ్చుబడిపోయాయి. రెండేళ్లుగా ప్రతిసారీ, "ఎక్కడ పూడ్చారో చెప్పేస్తాను కిరీవ్" అని మొదలుపెడతాడు. ఆవిడ వెంటనే రొట్టె అతని నోట్లో కుక్కుతుంది. ఎముకలు పైకొస్తే ఒళ్లోవాడు లేచిపోతాడు. పక్క ఊళ్లో అలాగే జరిగింది.

ఆ బుధవారం వ్యాను దగ్గరికి పక్క గుడారంలో ఉండే బసే అనే ఆవిడ వచ్చింది. ముగ్గురు కొడుకులు పోయినా ఈనాటికీ మూడు కంచాలు పెట్టే మనిషి.

"అక్కా, మనవాళ్ల ఎముకలు వెతికి తవ్వేవాళ్లు శనివారం వెళ్లిపోతారట. మళ్లీ రారట. నువ్వు కిందకి వెళ్తావుగా, ఆ మనిషి నోరు తెరిపించు. ముగ్గురిలో ఒక్కడి ఎముక దొరికినా చాలు నాకు."

ఖోఖె ఆమె కళ్లలోకి చూడలేకపోయింది. నోరు మూయిస్తున్నది తనే మరి.

కింద ఊళ్లో, పందిట్లోకి మిజ్బిల్ భార్య నౌఫా టీ గ్లాసులు తెచ్చి పెట్టింది.

"ఎదిగాడా?" అంది ఖోఖె, ఎప్పట్లాగే.

"తల నా నుదురు దాటింది," అన్నాడు మిజ్బిల్. " గడ్డం కూడా వస్తోంది. మెత్తగా గుచ్చుకుంటోంది."

"వాళ్ల నాన్నకీ ఆలస్యంగానే వచ్చింది." ఆవిడ ముఖం విప్పారింది. "ఇక పిల్లని చూడాలి."

"చూడు చూడు," అంది నౌఫా. "కోడలూ వచ్చి ఎక్కిందంటే ఈయన తొడలు పిండి చేసి రొట్టెలు కాల్చుకోవచ్చు."

ముగ్గురూ నవ్వబోయి ఆగిపోయారు. ఖోఖె గ్లాసు కింద పెట్టింది.

"ఎందుకు చేశావు మిజ్బిల్?"

"భయం సగం. మీ అంజూరం తోట మీద ఆశ సగం." అతను తల దించుకున్నాడు. "ఇంకోటి కూడా ఉంది. మీరు సైతానుని కొలుస్తారని చిన్నప్పట్నుంచీ పెద్దలు చెప్పేవాళ్లు. మీ ఇంట్లో నీ చేత్తో పెట్టింది తింటూ కూడా, లోపల ఓ మూల అది నమ్మాను."

ఖోఖె లేచి వెళ్లి అతని ఒడి మీది గాలిలో చెయ్యి పెట్టింది.

"ఇంకాస్త పైకి," అన్నాడు మిజ్బిల్. "అదీ. అక్కడ జుట్టు."

చేతికి ఏమీ తగల్లేదు. అయినా నిమిరింది. పాపిడి తీసింది, చెవి వెనక మురికి ఉందేమోనని బొటనవేలితో రుద్దింది.

"నాన్నా, బసే పిన్ని కొడుకులు కూడా నీతోనే ఉన్నార్రా," అంది. మిజ్బిల్ వైపు తిరిగి, "చెప్పు," అంది.

ఎండిన కాలువ అవతల, పంపుసెట్టు గది వెనక అని చెప్పాడు మిజ్బిల్. గొయ్యి తవ్వింది తన ట్రాక్టరుతోనే.

మర్నాడు అక్కడ తవ్వారు. బసే అంచున కూర్చుని ప్రతి చెప్పునీ గుర్తుపట్టడానికి చూసింది. చీకటిపడక ముందే మిజ్బిల్ కుర్చీలోంచి లేచాడు. తొమ్మిదేళ్లు మడిచి ఉన్న కాళ్లు వణుకుతుంటే, నౌఫా భుజం పట్టుకుని, తనంతట తనే వెళ్లి పోలీసు జీపు ఎక్కాడు.

ఏ ఎముకలు ఎవరివో తేల్చే నెత్తురు పరీక్షలయ్యి దఖీల్ పెట్టె చేతికొచ్చేసరికి చలికాలమైంది. సన్నటి పిల్లవాడి ఎముకలు, ఎత్తుకుంటే పసిబిడ్డంత బరువు కూడా లేవు. శ్మశానంలో గోతులు తవ్వే ఖిదిర్ పెట్టెని జానలతో కొలవబోయాడు.

"అలా కాదు," అంది ఖోఖె. చేతిని తన తల మీదుగా, ఇంకో జానెడు పైకెత్తి చూపించింది. "ఇంత ఉంటాడు."

ఖిదిర్ కాగితం చూశాడు. వయసు పదమూడు అని ఉంది. ఏమీ అడక్కుండా పొడుగాటి మనిషికి సరిపడా తవ్వాడు. పెట్టె అందులో తలవైపు కొంచెం జాగా పట్టింది. కాళ్లవైపంతా ఖాళీ. ఆ ఖాళీలో మట్టి వెయ్యడానికి ఎవరికీ చేతులాడలేదు. ఖోఖె పార అడిగి తీసుకుంది.